పెన్సిలుతో రాసిన పేరు

సాయిసుధ గొంతు పోయింది.

ఆ మాట చెప్పడానికి కూడా గొంతు లేక భర్త చేత ఫోను చేయించింది. నిన్నటి నుంచి జ్వరమని, పొద్దున లేచేసరికి మాట పెగల్లేదని, డాక్టరు దగ్గరికి తీసుకెళ్తున్నానని అతను హిందీ సగం, తెలుగు సగంగా చెప్పుకుపోతుంటే రామమోహనరావు గోడ గడియారం వంక చూశాడు. తొమ్మిదిన్నర. సాయంత్రం ఆరున్నరకి తెర లేవాలి.

ఆయన నడిపే కదంబం అనే కళాబృందానికి ఇది ముప్పై ఒకటో ఏడు. ఇదే ఆఖరి ప్రదర్శన కూడా. పద్నాలుగు అంశాల్లో మూడు సాయిసుధ ఒక్కతే పాడవలసినవి.

బల్ల మీద వరస కాగితం పరిచి ఉంది. ప్రతి ప్రదర్శనకీ ఆయన అలాంటి కాగితం ఒక్కటే రాసేవాడు, తన చేత్తో, నల్ల సిరాతో. నకలు తీసేవాడు కాదు. పాట, నాట్యం, ఒక చిన్న నాటిక, మళ్లీ పాట. ఏది దేని తర్వాత రావాలన్నది తెర లేచే క్షణం దాకా మారుతూనే ఉంటుంది. రెండు కాగితాలుంటే రెండు వరసలు తయారవుతాయని ఆయన భయం. ఎడమ పక్క తెర చాటున చెక్కకి గుచ్చిన ఆ ఒక్క కాగితం చూసుకునే అందరూ వేదిక మీదికి వెళ్లేవాళ్లు.

అంశాలన్నీ అయ్యాక ఒక గీత గీసి, దాని అడుగున పెన్సిలుతో రాసేవాడు: భర్తీ – లీల.

ఎవరి పాటైనా, ఆటైనా తప్పిపోతే ఆ ఖాళీలోకి వెళ్లి పాడే మనిషి అన్నమాట. పట్టుచీర కట్టుకుని, ముఖానికి రంగు వేసుకుని, తెర చాటున దుస్తుల రేకు పెట్టె మీద కూర్చోవాలి. పిలిస్తే వెళ్లాలి. పిలవకపోతే ఇంటికొచ్చి కొబ్బరినూనెతో రంగు తుడుచుకోవాలి. ముప్పై ఏళ్లుగా ఆ పని చేసింది ఆయన భార్య లీలావతి.

ఈసారి గీత కింద ఖాళీగా ఉంది.

కాగితం మడిచి జేబులో పెట్టుకుని వంటింటి గుమ్మంలోకి వెళ్లి నిలబడ్డాడు. లీలావతి బెండకాయలు తరుగుతోంది. ఆరు రోజులుగా ఆ ఇంట్లో వేడినీళ్లు కాగాయనీ, ఫోను మోగుతోందనీ తప్ప భార్యాభర్తల మధ్య మాటల్లేవు. అయితే ఈ ఆరు రోజుల్లో ఒక్క పూట కూడా ఆయన కాఫీ ఆలస్యం కాలేదు. మాత్రల డబ్బాలో ఒక్క గడీ ఖాళీగా లేదు. అలిగిన మనిషి అంత వేళకి కాఫీ తెచ్చి పెడుతుంటే తాగేవాడికి గుటక పడదు.

"సుధకి గొంతు పోయిందిట," అన్నాడు.

కత్తి ఆగలేదు. "అయ్యో. మిరియాల పాలు తాగమనండి."

"పాలకి తగ్గేది కాదు లీలా."

"అయితే ఇంకెవర్నైనా చూసుకోండి."

"ఇంత పొద్దెక్కాక ఎవర్ని చూడను?"

ఆవిడ బెండకాయ ముచ్చిక తీసి పక్కన పెట్టింది. తను ఉదయ్‌కిరణ్‌కి మాట ఇచ్చానని, మూడింటికి కారు వస్తుందని, గుర్‌గావ్ హాలుకి నాలుగున్నరకల్లా చేరాలని, గోడకి చెబుతున్నట్టు చెప్పింది. రెండు ప్రదర్శనలూ ఒకే వేళకి. ఈయనది అశోకా రోడ్ దాపున, అతనిది గుర్‌గావ్‌లో. శనివారం సాయంత్రం ఆ రోడ్ల మీద రెండు హాళ్లూ అందుకోవడం ఎవరి తరమూ కాదు.

"పద్దెనిమిదేళ్లు నా దగ్గర పనిచేసి, ఎనిమిదేళ్ల కిందట నన్ను కాదని వెళ్లినవాడు. వాడి దగ్గర పాడతావా? అదీ ఇవాళ?"

"వాడు మూడేళ్ల నుంచి అడుగుతున్నాడు. నేనే వద్దంటూ వచ్చాను."

ఆ మాటకి పక్క గదిలోంచి కూతురు సాత్విక బయటికొచ్చింది. ముప్పై మూడేళ్లది, గుర్‌గావ్‌లో కంపెనీ ఉద్యోగం. చేతిలో ఇస్త్రీ చేస్తున్న చీర కొంగు అలాగే ఉంది.

అసలీ అగ్గి రాజుకున్నది ఆ పిల్ల చేతుల మీదే. కదంబం ముగింపుకి ఒక సంచిక వేద్దామని తండ్రి పాత కరపత్రాలన్నీ ముందేసుకుని కళాకారుల పేర్లు ఎక్కించుకుంటూ, పోయిన ఆదివారం భోజనాల దగ్గర అడిగింది. మూడు వందల పన్నెండు పేర్లున్నాయి నాన్నా, తబలా సరిచేసేవాడి పేరు కూడా ఉంది, అమ్మ పేరు ఒక్కదాంట్లోనూ లేదేమిటీ అని. రామమోహనరావు అన్నం కలుపుకుంటూనే జవాబు చెప్పాడు: భర్తీ వాళ్ల పేర్లు వెయ్యరమ్మా. అంతే. వ్యవసాయ శాఖలో ఫైళ్ల మీద ముప్పై ఏళ్లు రాసిన మనిషి. అదొక నియమం అన్నట్టే చెప్పాడు. లీలావతి గరిటె పులుసు గిన్నెలో పెట్టేసి చెయ్యి కడుక్కుంది. సోమవారం పొద్దున తనంతట తనే ఉదయ్‌కి ఫోను చేసింది.

"నాన్నా, ప్లీజ్," అంది సాత్విక. "అమ్మ కమిట్ అయింది. పోస్టర్ మీద పేరు పడింది. ఫస్ట్ టైమ్. కొంచెం అర్థం చేసుకోండి, సమఝో నా."

"మీ అమ్మ పేరు పోస్టరు మీద ఉండాలని నాకు లేదంటావా?"

"ఉంటే వేసేవారు కదా."

లీలావతి కూతుర్ని చీర కాలిపోతుంది చూసుకోమని లోపలికి పంపింది. కత్తి కింద పెట్టి చేతులు తుడుచుకుంది.

"మొదటి ప్రదర్శన గుర్తుందా మీకు? కరోల్‌బాగ్ హాల్లో."

"గుర్తులేకేం."

"మూడో అంశం నాది. మీరు రాసిన తొలకరి పాటే. జనం చప్పట్లు ఆపలేదు. నాలుగోది మీ నాటిక. ఎవరూ నవ్వలేదు."

ఆయన జేబులోని కాగితం తడుముకున్నాడు.

"ఆటోలో ఇంటికొస్తూ ఏమన్నారు?"

"ఏదో అన్నాను. ముప్పై ఏళ్లయింది."

"నీ తర్వాత ఏదీ నిలబడదు లీలా, వరస చెడిపోతుంది అన్నారు. నేనెంత మురిసిపోయానో. పొగడ్త అనుకున్నాను." ఆవిడ గొంతు పెరగలేదు. "ఆ పై ప్రదర్శన నుంచి పెట్టె మీద కూర్చున్నాను."

"నీ మీద నమ్మకం కొద్దీ కూర్చోబెట్టాను. ఏ క్షణంలో ఏ పాట అడిగినా పాడగలిగేది నువ్వొక్కదానివే. ఇంకెవరైనా అయితే రెండో రోజుకే అలిగి వెళ్లిపోయేవాళ్లు."

"అదీ అసలు సంగతి. అలగదు కాబట్టి నేను."

రామమోహనరావు అక్కడితో ఆగవలసింది. ఆగలేదు. ఏడు సార్లు పిలిచానని, ఆ ఏడు సార్లూ నువ్వే ప్రదర్శన నిలబెట్టావని అందరికీ తెలుసునని అన్నాడు. వాన నీళ్లలో తబలా ఆయన చిక్కుకుపోయిన రోజు, నాట్యం పిల్ల గజ్జెల పట్టీ తెగిన రోజు ఒక్కొక్కటే చెప్పబోయాడు.

"నాకూ గుర్తున్నాయి," అందావిడ. "ఎవరికో ఒకరికి కీడు జరిగితేనే నేను పాడాను. మిగతా రోజులు పెట్టె మీద కూర్చుని ఏమనుకునేదాన్నో తెలుసా? ఎవరికైనా ఏదైనా అయితే బాగుణ్ణు అనుకునేదాన్ని. అవతల చిన్నపిల్లలు ఆడుతుంటే, జారిపడితే బాగుణ్ణని. నా ఒళ్లో సాత్విక నిద్రపోతుండేది. దాన్ని ఒళ్లో పెట్టుకుని అలా అనుకునేదాన్ని. అంత చెడ్డదాన్ని కాదండీ నేను. మీ దగ్గర అయ్యాను."

కుక్కరు కూత వేసింది. ఆవిడ పొయ్యి మంట తగ్గించింది.

"ఇందాక మీరు సుధ గొంతు పోయిందనగానే, మొదట నాకు కలిగింది సంతోషమే. అందుకే కత్తి ఆపలేదు. ఆపితే మీరు నా మొహం చూసేవారు."

ఆయన ఉదయ్‌నే కలుద్దామని బయల్దేరాడు. చెప్పులేసుకుంటుంటే వెనక నుంచి లీలావతి గొంతు వినపడింది. ఆయనతో కాదు, కూతురితో: మీ నాన్నని ఇడ్లీ తిని వెళ్లమను, ఖాళీ కడుపు మీద తిరిగితే షుగర్ పడిపోతుంది.

*

ఉదయ్‌కిరణ్ రిహార్సల్ వసంత్ కుంజ్‌లో ఒక సొసైటీ బేస్‌మెంట్ హాల్లో జరుగుతోంది. యూనివర్సిటీలో చదివే తెలుగు పిల్లలు పదిమంది దాకా ఉన్నారు. రామమోహనరావు మెట్లు దిగుతుంటే ఒక అమ్మాయి, ఈ ముసలాయన ఎవరో తెలియకుండానే, చెయ్యి అందించింది.

ఉదయ్ పాట ఆపించాడు. కుర్చీ తనే లాక్కొచ్చి ఫ్యాన్ కింద వేశాడు. నలభై అయిదు దాటినవాడు, జుట్టు పలచబడింది.

"ఎనిమిదేళ్లకి వచ్చారు మాస్టారూ. అదీ ఆంటీ కోసం. ఠీక్ హై."

"నీ కోసమే వచ్చాననుకో."

"అనుకోలేనండి. నా మొదటి ప్రదర్శనకి పిలిస్తే, గుడారం లేని సర్కస్‌కి నేను రాను అన్నారు. పదిమందిలో అన్నారు."

రామమోహనరావు నిజంగానే అప్పుడు ఆ మాట అన్నాడు. ఇప్పుడు ఆ పదిమందిలో ఒక్కరు కూడా గుర్తులేరు, మాట ఒక్కటే మిగిలింది. ఆయన హాలంతా కలియజూశాడు. అలవాటు కొద్దీ ఆయన కళ్లు వరస కాగితం కోసం వెతుక్కున్నాయి. గోడకి అంటించి ఉంది. పెద్ద పెద్ద అక్షరాలతో అచ్చువేసిన కాగితం. కళ్లజోడు సవరించుకుని దగ్గరికి వెళ్లాడు.

మొదటి అంశంలో లీల పేరు లేదు. రెండులో లేదు. ఐదు, ఏడు, తొమ్మిది... లేదు. చదువుతూ చదువుతూ కిందికి దిగాడు. అట్టడుగున, ఆఖరి వరసలో కనపడింది. ఆయనకి లోపలెక్కడో బరువు దిగినట్టయింది. ఆరు రోజుల్లో మొదటిసారి నవ్వు కూడా వచ్చింది.

"చూశావా, నువ్వూ అడుగునే పెట్టావు," అన్నాడు. "పోస్టరు మీద పేరు వేసి తీసుకెళ్లి పెట్టె మీదే కూర్చోబెడుతున్నావన్నమాట. ఇంతోటి దానికి మా ఇంట్లో చిచ్చు పెట్టావేం?"

ఉదయ్‌కి వెంటనే అర్థం కాలేదు. అర్థమయ్యాక ఆయన మొహం కేసి చూడకుండా కాగితం కేసి చూశాడు.

"అక్కడ గీత లేదు మాస్టారూ. అది భర్తీ కాదు. ఆవిడది ఆఖరి అంశం."

"ఆఖరా?"

"ఆంటీ తర్వాత ఏదీ నిలబడదని మీరే అనేవారు కదా. అది నిజమే. అందుకని తర్వాత ఏమీ పెట్టలేదు."

పిల్లలెవరో హార్మోనియం మీద ఒక స్వరం మీటి వదిలేశారు. రామమోహనరావు వెనక్కి వచ్చి కుర్చీలో కూర్చున్నాడు.

ముప్పై ఒక్క ఏళ్లలో వరసలు ఎన్ని మార్చాడో ఆయనకే తెలియదు. నవ్వు తర్వాత ఏడుపు రావాలా, ఏడుపు తర్వాత నవ్వు రావాలా అని పొద్దుపోయేదాకా చర్చించేవాడు. తెలుగు రాని జనం కూడా ఈయన వరస కోసమే వచ్చి కూర్చున్న రోజులున్నాయి. ఒక్క ఆఖరి అంశం మాత్రం ఎన్నడూ కదల్లేదు. పద్నాలుగు: మంగళం – రామమోహనరావు. దీపాలన్నీ వెలిగించాక తను వచ్చి, నాలుగు వాక్యాలు పాడి, జనానికి నమస్కారం పెట్టి, చప్పట్లు అందుకునేవాడు. ఆయన పాడేదానికి శ్రుతి ఉండేది కాదు. అందరూ ఓర్చుకునేవారు.

ఉదయ్ టీ తెప్పించాడు. చక్కెర లేదు అందులో. ఎనిమిదేళ్లయినా అది మరిచిపోలేదు.

"మీరు ఎందుకొచ్చారో నాకు తెలుసు," అన్నాడు. "సుధ సంగతి విన్నాను. మీరు అడిగితే నేను కాదనలేను, నాకు ఈ పని నేర్పింది మీరు. నా చివర్న ఏదో ఒకటి పెట్టుకుంటాను. కానీ మాస్టారూ, ఆంటీని పంపడానికి నేనెవర్ని? అడగాల్సింది నన్ను కాదు."

"ఇంట్లో అడిగాను."

"అడిగారా, రమ్మన్నారా?"

టీ సగంలో వదిలేసి లేచాడు.

తిరుగు దారిలో కారు ఫ్లైఓవర్ ఎక్కుతుండగా జేబులోంచి కాగితం తీసి మోకాలి మీద పరుచుకున్నాడు. సుధ పాటలు మూడూ కొట్టేశాడు. ఆ ఖాళీల్లో ఎవరి పేరూ రాయలేదు. పద్నాలుగు దగ్గర తన పేరు మీద గీత గీసి, పక్కన రాయబోయాడు. కారు కుదుపుకి కలం జారింది. డ్రైవరు అద్దంలోంచి చూసి, అంకుల్‌జీ, ఆరామ్‌సే రాసుకోండి అంటూ బండి నెమ్మది చేసి పక్క వరసలోకి తీశాడు. వెనక బళ్లవాళ్లు హారన్లు కొట్టారు. అతను పట్టించుకోలేదు.

లీలావతి. నల్ల సిరాతో, పూర్తి పేరు. ఆ పేరు తను అలా పూర్తిగా రాయడం పెళ్లి శుభలేఖ తర్వాత ఇదే మొదలేమో అనిపించింది ఆయనకి.

*

ద్వారకలో ఇంటి దగ్గర కారు దిగేసరికి రెండుంబావు. అయిదో అంతస్తు తలుపు తీసే ఉంది. లీలావతి ముందుగదిలో కుర్చీలో కూర్చుంటే సాత్విక వెనక నిలబడి జడలో పిన్నులు పెడుతోంది. ప్రదర్శనలకి కట్టే పట్టుచీర కాదు. మామిడిపండు రంగు వెంకటగిరి చీర, కొత్తది. ముఖానికి రంగు లేదు.

ఆయన కాగితం తీసి ఆవిడ ముందు బల్ల మీద పెట్టి, ఎగిరిపోకుండా మంచినీళ్ల గ్లాసు బరువుంచాడు.

ఆవిడ కళ్లజోడు పెట్టుకుని చదివింది. ముందు చూపు గీత కిందికి వెళ్లింది. అక్కడ ఏమీ లేకపోయేసరికి పైకి వచ్చింది. చాలాసేపు పద్నాలుగు దగ్గరే ఆగింది.

"మంగళం ఎవరు పాడతారు?"

"ఉండదు."

"సుధ పాటల్లోకి ఎవర్ని పెడతారు?"

"ఎవర్నీ లేదు. పదకొండే ఆడతాం. ఖాళీలు నింపడానికి రమ్మనడం లేదు లీలా. ఆఖర్న పాడతావా అని అడుగుతున్నాను."

సాత్విక చేతిలో పిన్ను అలాగే ఉండిపోయింది. లీలావతి కళ్లజోడు తీసి మడిచింది.

"ఒక్కటి చెప్పండి. సుధ గొంతు బాగుంటే ఇది రాసేవారా?"

అబద్ధం నాలిక చివరిదాకా వచ్చింది. ఆ ముప్పై ఒక్క ఏళ్లలో ఆయన ఎందరి చేతో ఎన్నో అబద్ధాలతో మంచి పాటలు పాడించాడు. ఇది చెప్పలేకపోయాడు.

"ఉదయ్ దగ్గరికి వెళ్లకపోతే రాసేవాణ్ణి కాదు," అన్నాడు.

"నేను అడిగింది అది కాదు."

గేటు దగ్గరికి ఉదయ్ పంపిన కారు వచ్చిందని సాత్విక ఫోనుకి సందేశం వచ్చింది. లీలావతి లేచింది. సంచి భుజాన వేసుకుని, ఫ్రిజ్ మీద మాత్రల డబ్బా ఉందని, సాయంత్రంది హాలుకి తీసుకెళ్లడం మరిచిపోవద్దని చెప్పింది. ఆ మాటలోనూ కోపం లేదు. కోపం ఉంటే బాగుండుననిపించింది ఆయనకి.

అప్పుడు మోగింది ఫోను. చెవి సరిగా వినపడదని ఎప్పుడూ స్పీకరు మీదే పెట్టుకుంటాడాయన. నొక్కగానే గది నిండా ఒక గొంతు. బొంగురుగా ఉంది, కానీ గొంతే.

"అంకుల్, నేను సుధని. మాట వచ్చేసింది. డాక్టర్ ఇంజెక్షన్ ఇచ్చారు, ఆవిరి పట్టించారు. ఇప్పుడే పాడి చూసుకున్నాను. మూడూ పాడేస్తాను. పాపం ఆంటీని కూడా ఇబ్బంది పెట్టొద్దు అంకుల్, భర్తీ అక్కర్లేదు. పాత వరసే ఉంచేయండి."

లీలావతి చెప్పులు వేసుకుంటోంది. వంగిన మనిషి వంగినట్టే ఆగింది. ఆవిడ మొహం కనపడలేదు.

సాత్విక తండ్రి వంక చూసింది.

"ఒక్క నిమిషం," అన్నాడు రామమోహనరావు ఫోనులో. "ఒక్క నిమిషం ఉండమ్మా."

లీలావతి తలెత్తింది. తెర చాటున ఎన్ని వందల సార్లు విని ఉంటుందో ఆ మాట. ఒక్క నిమిషం లీలా. ఒక్క నిమిషం, సిద్ధంగా ఉండు. ముప్పై ఒక్క ఏళ్లలో ఆయన ఆ మాట తన కోసం ఇంకొకరితో అనడం ఆవిడ ఇవాళే విన్నది. ఆరు రోజుల తర్వాత మొదటిసారి ఆయన మొహంలోకి సూటిగా చూసింది. ఆ చూపు మెత్తబడిందో, మరింత గట్టిపడిందో ఆయనకి తెలియలేదు. ఎదుటి మనిషి మొహం చూసి మర్నాటి హాలు నిండుతుందో లేదో చెప్పగలిగినవాడికి, సొంత భార్య మొహం చదవడం రాలేదు.

ఆయన కండువా అందుకుని, కళ్లజోడు ఎక్కడ పెట్టానా అని ఒక్కసారి వెనక్కి తిరిగాడు. ఆ కాస్తలోనే గుమ్మం ఖాళీ అయింది. అవతల లిఫ్టు తలుపులు మూసుకున్న చప్పుడు. సాత్విక కూడా తల్లితోనే దిగిపోయింది.

"అంకుల్? లైన్లో ఉన్నారా?"

బాల్కనీలోకి వెళ్లి చూశాడు. కింద గేటు దగ్గర తెల్ల కారు నిలబడి ఉంది. లీలావతి ఎక్కింది. ఎడమకి తిరిగితే గుర్‌గావ్, కుడికి తిరిగితే ఊళ్లోకి. డ్రైవరు కిటికీలోంచి తల బయటపెట్టి వాచ్‌మన్‌తో ఏదో మాట్లాడుతున్నాడు. కారు కదల్లేదు.

"అంకుల్, అందరికీ ఫోన్ చేసి చెప్పెయ్యమంటారా? వరస పాతదే కదా?"

ఆయన గదిలోకి తిరిగొచ్చి బల్ల వంక చూశాడు. గ్లాసు అక్కడే ఉంది, నీళ్లు తొణకలేదు. దాని కింద కాగితం లేదు.

నకలు లేని కాగితం. ఏది దేని తర్వాతో గుర్తు తెచ్చుకోబోయాడు. నాట్యం ముందా, నాటిక ముందా తోచలేదు. ఆఖరి పేరు ఒక్కటే కళ్ల ముందు నిలిచింది, కారు కుదుపుకి వంకరపోయిన నల్ల అక్షరాలతో.

"వరస నా దగ్గర లేదమ్మా," అన్నాడు. "లీల తీసుకెళ్లింది."